పక్క సీటు

నా కారులో పక్క సీటు బెల్టు ఎప్పుడూ పెట్టే ఉంటుంది, ఆ సీట్లో ఎవరూ లేకపోయినా. ఆఫీసు బ్యాగూ, టిఫిన్ డబ్బా, నీళ్ల సీసా అక్కడ పెడితే ఆ బరువుకి ఎవరో కూర్చున్నారనుకుని కారు కూతపెడుతుంది. 2019 జూలై నుంచి మన దేశంలో తయారయ్యే కార్లలో ముందు సీట్లు రెండింటికీ ఆ హెచ్చరిక తప్పనిసరి చేశారు. మంచి ఏర్పాటే. కానీ రోజూ ఆ కూత పడలేక, ఒకనాడు ఖాళీ సీటుకే బెల్టు లాగి బిగించేశాను. అప్పట్నుంచి కారు నోరెత్తలేదు.

మధురవాడ నుంచి గాజువాక దాకా పొద్దున గంట, సాయంత్రం గంటంబావు. ఈ దారిలో పదకొండేళ్లు మేం నలుగురం ఒకే కారులో వెళ్లాం. వారానికొకరి కారు, పెట్రోలు నలుగురిదీ. ఎండాడలో ఒకరు, హనుమంతవాకలో ఒకరు, తాటిచెట్లపాలెంలో ఒకరు ఎక్కేవారు. ఒకరి డబ్బాలో ఇడ్లీ, ఇంకొకరి డబ్బాలో నిన్నటి చేపల పులుసు. అద్దాలు వేస్తే వాసన, దించితే దుమ్ము అని రోజూ ఒక తగువు. ఘంటసాల పెట్టాలా, ఇళయరాజా పెట్టాలా అని మరో తగువు. పిల్లల ఎంసెట్ ర్యాంకులు, అత్తగార్ల మోకాళ్ల నొప్పులు, ఎవరికీ చెప్పకూడని అప్పులు అన్నీ ఆ కారులోనే బయటపడేవి. 2020 మార్చిలో లాక్‌డౌన్ వచ్చింది. ఆఫీసు మళ్లీ తెరిచాక ఎవరి కారు వాళ్లు తీశారు. అప్పుడది జాగ్రత్త. ఆ జాగ్రత్త ఎప్పుడు అలవాటుగా మారిందో నలుగురిలో ఎవరమూ గమనించలేదు. ఒకరు రిటైరయ్యారు, ఒకరికి బదిలీ అయింది. నేనూ, ఎండాడ ఆవిడా మిగిలాం. ఒకే దారి, ఒకే వేళ, రెండు కార్లు. మద్దిలపాలెం సిగ్నల్ దగ్గర ఎప్పుడైనా పక్కపక్కన ఆగితే అద్దాల్లోంచి తలలు ఊపుకుంటాం. పచ్చలైటు పడుతుంది.

దీన్ని ఒంటరితనం అనుకోలేదు నేను. ఇంట్లో భర్త ఉన్నారు, ఫోన్లో పిల్లలున్నారు, ఆఫీసు నిండా జనం. అయినా రోజుకి రెండు గంటల పైన, అంటే నెలకి ఇంచుమించు యాభై గంటలు, ఒక్క మనిషి గొంతూ ఎదురుగా వినకుండా గడుస్తోంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025లో వెలువరించిన నివేదిక ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారని చెప్పింది. ఆ వార్త కూడా నేను కారులోనే విన్నాను, రేడియోలో, ఒక్కదాన్నే.

కార్తీకమాసంలో రెండో శనివారం అరకు వెళ్దామని ఆ పాత నలుగురం అనుకున్నాం. ఒకరికి మనవడి బారసాల, ఒకరికి జ్వరం. ఎండాడ ఆవిడ ముందురోజు రాత్రి రాలేనని మెసేజ్ పెట్టింది. గది తీసుకునే ఉంది కదా అని నేను బయల్దేరాను. మా తమ్ముడు ఫోన్ చేసి మరీ చెప్పాడు. "దారిలో ఎవర్నీ ఎక్కించుకోకక్కా. గంజాయి కేసులు. ఎవరి మూటలో ఏముందో ఎవడికి తెలుసు?" సరేనన్నాను. తలుపులు లాక్ చేసుకున్నాను.

పెందుర్తి, కొత్తవలస, శృంగవరపుకోట. విశాఖ నుంచి అరకు నూట పదిహేను కిలోమీటర్ల దాకా ఉంటుంది. సగానికి పైగా మైదానమే. కొత్తవలస దగ్గర రైలు పట్టాలు రెండుగా చీలతాయి. ఒకటి విజయనగరం వైపు, ఒకటి కొండల్లోకి, కిరండూల్‌కి. బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని జపాన్‌కి పంపడానికి 1960లలో కొండలు తొలిచి వేసిన లైను అది. ఖనిజం కోసం వేసిన పట్టాల మీదే కిరండూల్ పాసింజర్ మనుషుల్నీ, కోళ్లనీ, అల్లం బస్తాల్నీ మోస్తూ వచ్చింది. 2017 ఏప్రిల్‌లో ఆ దారికి అద్దాల పెట్టె వచ్చింది, విస్టాడోమ్. పైకప్పు కూడా గాజే, సీటు ఎటు కావాలంటే అటు తిరుగుతుంది. ఒకసారి ఎక్కాను. లోయ అద్భుతంగా కనిపించింది. కానీ సీటు కిటికీ వైపు తిప్పుకున్నాక నా వీపు నా పక్కవాళ్లకి, వాళ్ల వీపు నాకు. పాసింజర్‌లో చెక్కబల్లలు ఎదురెదురుగా ఉండేవి. ఎదుటి మనిషి మోకాళ్లు తగలకుండా కూర్చోవడం కుదిరేది కాదు. మోకాళ్లు తగిలాక ఊరి పేరు అడక్కుండా ఉండటమూ కుదిరేది కాదు.

ఎస్.కోటలో టీ తాగుతూ ఏనుగుల వీరాస్వామయ్యని తలుచుకున్నాను. తెలుగులో యాత్రారచనకి ఆద్యుడు. 1830 మే నెలలో చెన్నపట్నం నుంచి కాశీకి బయల్దేరినప్పుడు ఆయన వెంట వంద మంది దాకా ఉన్నారు. కుటుంబం, బంధువులు, బోయీలు, వంటవాళ్లు. పదిహేను నెలల పైచిలుకు ప్రయాణం. అందరికీ బియ్యం ఎక్కడ దొరుకుతుంది, ఏ ఊళ్లో దిగడానికి చావడి ఉంది అన్నది ఆయన రోజూ చూసుకోవలసిన పని. ఆయనది పల్లకీ, బోయీల భుజాలు దాన్ని మోశాయి. ఆ అసమానత మనకి అక్కర్లేదు. అయినా ఒక మనిషి దూరం వెళ్లాలంటే ఇంతమంది మనుషులు కావలసి వచ్చేది. నాకు కావలసినవి ఒక తాళం చెవి, నిండా పెట్రోలు.

బొడ్డవర దగ్గర కొండ అడుగున బండి ఆపాను, అద్దం తుడుద్దామని. పక్కనే ఉన్న ఆటో అబ్బాయి దగ్గరికొచ్చాడు.

"మేడమ్, పైకేనా? ఒక్కరేనా?"

ఒక్కరేనా అన్న మాట వినగానే తమ్ముడి మాట గుర్తొచ్చింది. అతను వేలితో చూపించాడు. చింతచెట్టు కింద ఒక ముసలమ్మ, పక్కన గళ్ల తుండులో కట్టిన మూట. "పొద్దున్నుంచి కూర్చుంది. బస్సులు పిక్నిక్ జనంతో నిండిపోయి వస్తన్నాయి. అనంతగిరి అవతల దింపీండి మేడమ్, మీకు దారే కదా."

నేను చూసింది ఆమెని కాదు, మూటని. ఇది రాయడానికి సిగ్గుగానే ఉంది, కానీ నిజం. గంజాయి పేరు చెప్పి ఈ కొండల్లో మామూలు మనుషులందరి మూటల మీదా ఒక నీడ పడింది. ఆ నీడ నా కళ్లలోనూ ఉంది. ముసలమ్మ దగ్గరికొచ్చి నా మొహం చూసి, అడక్కుండానే మూట ముడి విప్పింది. బన్ను రొట్టెలు, మందుల సంచి, పిల్లల చొక్కాలు రెండు, ఒక ప్లాస్టిక్ బొమ్మ బస్సు. అనుమానాన్ని ముందే ఊహించి విప్పడం ఆమెకి ఎన్నోసారో.

తలుపు తీశాను. పక్క సీట్లోంచి నా బ్యాగు తీసి వెనక పడేశాను. బెల్టు క్లిప్పు నొక్కితే ఒక పట్టాన ఊడి రాలేదు.

"కట్టేస్తావేటి తల్లీ?" అంది బెల్టు పెడుతుంటే.

"పడిపోకుండా మామ్మా."

"నడిసేవోలు పడతారు గానీ కూసున్నోలు పడతారేటి" అంది. కాని పెట్టనిచ్చింది. కొంగులోంచి నిమ్మకాయ తీసి ముక్కు దగ్గర పట్టుకుంది. ఘాట్ మలుపులు ఆమెకి పడవట. పుట్టి పెరిగింది అక్కడే, నడిస్తే ఏమీ కాదు, బండెక్కితే తిప్పుతుంది. రెండు మలుపులు తిరిగామో లేదో, "ఈ గాజు దించు, ఊపిరాడట్లేదు" అంది. ఏసీ కట్టేశాను, నాలుగు అద్దాలూ దించాను. తడిసిన ఆకుల వాసన, ఎక్కడో కాలుతున్న కట్టె వాసన, ఆమె చేతిలో నిమ్మకాయ వాసన ఒక్కసారి లోపలికొచ్చాయి. ఫోన్లో సిగ్నల్ పోయింది. దారి చెప్పే గొంతు ఆగిపోయింది.

ఇంకో గంట ఈమెతో ఏం మాట్లాడాలి అనుకున్నాను. షికాగోలో ఇద్దరు పరిశోధకులు, నికొలస్ ఎప్లీ, జూలియానా ష్రోడర్, 2014లో ప్రచురించిన అధ్యయనం నాకిష్టం. ఆఫీసులకి రైళ్లలో, బస్సుల్లో వెళ్లేవాళ్లలో కొందర్ని పక్కనున్న కొత్తవాళ్లతో మాట్లాడమన్నారు, కొందర్ని ఎవరితోనూ మాట్లాడొద్దన్నారు. మాట్లాడినవాళ్లే ప్రయాణం హాయిగా సాగిందన్నారు. ఇంకొందర్ని ఊరికే ఊహించి చెప్పమంటే మాత్రం మౌనంగా ఉంటేనే హాయి అన్నారు. అంటే మనకి ఏది బాగుంటుందో మనకే తెలియడం లేదు. ఇదంతా చదివి, నలుగురికి చెప్పిన నేనే ఆ మలుపులో మౌనాన్ని కోరుకున్నాను.

ఆమె కోరుకోలేదు. ఎందరు పిల్లలు అంది. ఇద్దరన్నాను. ఎక్కడున్నారంది. ఒకడు బెంగళూరు, అమ్మాయి అమెరికా. జీతమెంత అంది. చెప్పాను. నా సొంత అన్నయ్యకి ఎప్పుడూ సరిగ్గా చెప్పని అంకె అది. చేతికి గాజులేవంది. అవి వేసుకుంటే కంప్యూటర్ బల్లకి తగుల్తాయన్నాను. తల పంకించింది, కొంచెం జాలిగా.

తర్వాత తన సంగతి. కొడుకు విశాఖలో ఒక అపార్ట్‌మెంట్‌కి వాచ్‌మన్. కోడలు, ఇద్దరు పిల్లలు అక్కడే, కింద సెల్లార్లో గది. కోడలికి ఒంట్లో బాగాలేదంటే వెళ్లి పదకొండు రోజులుంది. పిల్లలు బడికి, కొడుకు నీళ్ల మోటారు దగ్గర, కోడలు నిద్ర. ఈమె గది గుమ్మంలో కూర్చుని కార్లు చూసేది.

"లెక్కెట్టీదాన్ని తల్లీ. పొద్దున్నే ఓ కారు ఎల్తాది, ఒక్కడే. ఇంకో కారు ఎల్తాది, ఒక్కతే. సాయంత్రం మళ్లీ అలాగే, ఒక్కలొక్కలే. అంత పెద్ద బండికి ఒక్కలేటి? మిగతావోలు ఏరీ?"

మలుపు పెద్దది, లారీ ఎదురొస్తోంది, గేరు మార్చే పనిలో ఉన్నాను. లారీ దాటిపోయాక కూడా ఏమీ చెప్పలేకపోయాను. మా అపార్ట్‌మెంట్‌కీ సెల్లారుంది. వాచ్‌మన్ గది నా పార్కింగ్‌కి నాలుగడుగుల దూరం. ఆ గుమ్మంలో కూర్చుని నన్ను ఎవరు లెక్కపెడుతున్నారో ఒక్కనాడూ అటు చూడలేదు.

టైడా దాటాక ఆమెకి హుషారొచ్చింది. తన కొండల్లోకి వచ్చేసింది మరి. దారిన పోయే ప్రతి మనిషినీ కిటికీలోంచి పిలవడం మొదలుపెట్టింది. కొందరితో తెలుగులో, కొందరితో ఆదివాసీ ఒడియాలో. ఈ కొండల్లో కొండదొరలు, కోటియాలు, వాల్మీకులు, గదబలు, పోర్జాలు, ఖోందులు ఎవరి పల్లెల్లో వాళ్లున్నా, సంతలో ఒకరితో ఒకరు మాట్లాడుకోవడానికి ఆ ఒడియా పనికొస్తుంది. ఆవుల్ని తోలుకుపోతున్న పిల్లాడు, కొండచీపుళ్ల మోపు ఎత్తుకున్న ఆడమనిషి, బండరాయి మీద చుట్ట కాలుస్తున్న ముసలాయన అందరూ జవాబిచ్చారు. నేను స్లో చేయాల్సి వచ్చింది, లేకపోతే మాట సగంలో తెగిపోతుంది. గంటకి ఇరవై కిలోమీటర్ల వేగంతో, అద్దాలు దించుకుని, అందరినీ పలకరిస్తూ వెళ్తుంటే నా కారు అరుగైపోయింది.

అరుగు అన్నది ఊరికే అనలేదు. మా తాతగారింటికి వీధి వైపు రెండు అరుగులుండేవి. ఇల్లు మాది, అరుగు దారినపోయే వాళ్లది. ఎవరైనా కూర్చోవచ్చు, మంచినీళ్లు అడగొచ్చు. అరుగు మీద కూర్చున్నవాణ్ణి లేవమనడం ఆ ఇంటికి అప్రతిష్ఠ. తర్వాత కట్టిన ఇళ్లలో అరుగు పోయి గేటొచ్చింది. గేటు లోపల కారొచ్చింది. కారుకి అరుగు ఎవరూ పెట్టలేదు.

ఒక మలుపులో ఇద్దరు అమ్మాయిలు నడుస్తున్నారు, కాలేజీ బ్యాగులతో. ముసలమ్మ చెయ్యి బయటపెట్టి, "ఎక్కండర్రా, ఎనకాల కాలీయే" అంది. నా కారులోకి, నన్నడక్కుండా. వాళ్లు నా వైపు చూశారు. నేను బండి ఆపాను. కోపం రాలేదని చెప్తే అబద్ధం. ఒక్క క్షణం వచ్చింది. వెనక సీటు ఖాళీగా ఉందన్నది ఆమెకి కంటికి కనబడే సంగతి, అంతే. ఖాళీగా ఉన్న చోట నడిచేవాళ్లు కూర్చుంటారు. ఆ ఖాళీ నాది అన్న ఆలోచనే ఆమెకి రాలేదు. అమ్మాయిలిద్దరూ ఎక్కి, ఒకే ఇయర్‌ఫోన్స్ జతని చెరొక చెవిలో పెట్టుకున్నారు. తర్వాత ఎవరో అడిగినట్టు ఆ పాట ఫోన్లోంచి పైకి పెట్టారు. ముసలమ్మకి నచ్చలేదు. తీసెయ్యమంది. వాళ్లు తియ్యలేదు. కారులో తగువు మొదలైంది. ఎన్నాళ్లయిందో ఆ గోల విని.

"చైత్రంలో ఇక్కడే అడ్డకర్ర పెడతాం" అంది ముసలమ్మ ఒకచోట. ఇటుకల పండుగ. మగవాళ్లు వేటకి పోతే ఆడవాళ్లు దారికి అడ్డంగా కర్రో తాడో పెట్టి, పాడుతూ బళ్లు ఆపి డబ్బులడుగుతారు. నాకా పండుగ తెలుసు. ఏడెనిమిదేళ్ల కిందట ఏప్రిల్‌లో మేం నలుగురం ఈ దారిలోనే వచ్చాం. పదిహేను మంది ఆడవాళ్లు కారు చుట్టూ చేరారు. మేం అద్దం రెండువేళ్ల సందు దించి, ఆ సందులోంచి ఇరవై రూపాయల నోటు బయటికి తోసి, మళ్లీ బిగించాం. వాళ్ల పాట ఏమిటో వినలేదు. ఎవరూ దిగలేదు. "దోపిడీలా ఉంది" అన్నారు మాలో ఒకరు, అందరం ఔనన్నాం. ఏడాదికోసారి తమ ఊరి మీదుగా పోయే బండిని రెండు నిమిషాలు ఆపి, నువ్వు మా మధ్యలోంచి పోతున్నావు సుమా అని చెప్పడం దోపిడీ ఎలా అవుతుంది? ఈ మాట ముసలమ్మతో అనలేదు. ఆ రోజు అడ్డకర్ర పట్టుకున్నవాళ్లలో ఈమె కూడా ఉందేమో.

అమ్మాయిలు అనంతగిరిలో దిగారు. మరికొంత దూరం పోయాక ముసలమ్మ ఆపమంది. అక్కడ ఊరు లేదు. సిల్వర్ ఓక్ చెట్లు, వాటికి పాకిన మిరియాల తీగలు, కింద కాఫీ మొక్కలు, పండుతున్న ఎర్రటి గుత్తులు. ఆ చెట్ల మధ్య ఒక కాలిబాట లోయలోకి దిగుతోంది. అటు దిగి, అవతల కొండెక్కితే ఆమె పల్లెట. కొంగు ముడి విప్పి యాభై రూపాయల నోటు తీసింది. వద్దన్నాను. మళ్లీ ఇచ్చింది. మళ్లీ వద్దన్నాను. ఆమె మొహం మారిపోయింది.

"బండెక్కితే డబ్బులియ్యాల. ఊరికినే ఎక్కుతానేటి?"

అప్పుడర్థమైంది, నేను దానం చేశాననుకుంటున్నానని. ఆమె నన్ను అడుక్కోలేదు, బండెక్కింది. నోటు తీసుకున్నాను. బెల్టు ఎలా తీయాలో తెలియక ఒక్క క్షణం గింజుకుంది, నేను క్లిప్పు నొక్కాను. బొమ్మ బస్సున్న మూట నెత్తిన పెట్టుకుని చెట్లలోకి వెళ్లిపోయింది. వెనక్కి చూడలేదు. ఎందుకు చూస్తుంది, ఇల్లు ముందుంది కదా.

గాలికొండ దగ్గర వందలాది కార్లు. మబ్బులు కాళ్ల కింద. ఒక్కో కారులో ఒక్కో పాట, అద్దాలు బిగించుకుని. ఇక్కడి కాఫీకి 2019లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, అంతకు రెండేళ్ల ముందే పారిస్‌లో అరకు కాఫీ దుకాణం వెలిసింది. ఆ సంగతి చెప్పుకోవడానికి పక్కన ఎవరూ లేరు. కాఫీ తాగి బయల్దేరాను. అరకు లోయలో వలిసె పూలు పసుప్పచ్చగా పరుచుకుని ఉన్నాయి. తోటలో ఫొటో తీసుకోవడానికి మనిషికింత అని డబ్బులు తీసుకుంటున్నారు. "ఎంతమంది మేడమ్?" అన్నాడు అబ్బాయి. ఒక్కరే అన్నాను. ఆ రోజు ఆ మాట రావడం అది మూడోసారి.

మర్నాడు కారు లాడ్జిలోనే వదిలేసి, డుంబ్రిగూడ వైపు వెళ్లే సర్వీస్ ఆటో ఎక్కాను. ఎక్కాను అంటే ఎక్కి కూర్చున్నాను. ఆటో నిండాలి కదా. నలభై నిమిషాలు. విశాఖలో క్యాబ్ నాలుగు నిమిషాలు ఆలస్యమైతే ఫోన్ చేసి అరిచే మనిషిని నేను. ఇక్కడ ఆ నలభై నిమిషాల్లో ఎవరెవరు ఎక్కడికో, ఎందుకో అందరికీ తెలిసిపోయింది. పసుపు కొమ్ముల బస్తా ఎవరిది, రాజ్‌మా ఎంతకి పోయింది, ఎవరి కూతురికి ఆశ్రమ పాఠశాలలో సీటొచ్చింది. బండి కదిలేసరికి పద్నాలుగు మందిమి, రెండు కోళ్లు. ఎదురుగా కూర్చున్న పడుచుపిల్ల చంటిబిడ్డని ఒక మాటైనా అనకుండా నా ఒళ్లో పెట్టేసి, కింద జారిపోతున్న తన బుట్ట సర్దుకోవడంలో పడింది. బుట్ట సర్దుకున్నాక కూడా బిడ్డని అడగలేదు. ఒక చెయ్యి ఖాళీగా ఉన్నది నాకే కదా. నా పిల్లలు ఆ వయసు దాటి పాతికేళ్లు. వెచ్చగా, బరువుగా, ఆముదం వాసనతో ఆ బిడ్డ నా మెడ కింద తల పెట్టుకుని నిద్రపోయాడు. ఆమె భాష నాకు రాదు, నా భాష ఆమెకి కొంచెం వచ్చు. దిగేటప్పుడు "బరువా?" అంది. కాదన్నాను.

తిరిగి వచ్చేటప్పుడు డ్రైవర్ పక్కన చోటు దొరికింది. పాతికేళ్లుంటాయి అతనికి. ఇలా అందరూ కలిసి వెళ్లడం బాగుందయ్యా అన్నాను. అతను నవ్వలేదు.

"బాగుండడమేటి మేడమ్. బస్సుల్లేక ఎక్కుతారు. ఇరుక్కుని కూర్చుంటే నడుములు పోతాయి. వానాకాలం టాపు మీద కూడా కూర్చుంటారు. మా పెదనాన్న అలాగే పడిపోయాడు." కాసేపాగి, "మా ఊరికి ఆటో కూడా రాదు. మా వదినకి నొప్పులొస్తే డోలీలోనే తెచ్చాం" అన్నాడు.

కర్రకి దుప్పటి ఊయలలా కట్టి, అందులో మనిషిని పడుకోబెట్టి, ఇద్దరు ముందూ వెనకా మోస్తారు. వాళ్లు అలిసిపోతే ఇంకో ఇద్దరు. గెడ్డలు దాటాలి, రాత్రయితే ముందొకరు దీపం పట్టాలి. తారు రోడ్డు దాకా వస్తే అంబులెన్సు. "ఎంతమంది వచ్చారు?" అని అడిగాను. "ఊరంతా" అన్నాడు. "మగోళ్లందరం వంతులేసుకున్నాం. మా వదినతో మాట్లాడని వాళ్లు కూడా వచ్చారు. డోలీకి ఎవరూ రామనరు."

బిడ్డ దక్కాడా అని అడిగాను. దక్కాడన్నాడు. వాడికిప్పుడు మూడేళ్లు.

ఆ ఊరికి రోడ్డు పడాలి. డోలీ పోవాలి. పురిటి నొప్పులతో ఒక ఆడమనిషి దుప్పట్లో వేలాడుతూ కొండలు దిగడంలో అందమేమీ లేదు. దాన్ని చూసి మురిసిపోయే హక్కు కారున్న నాకు అసలే లేదు. రాజమండ్రి నుంచి రంపచోడవరం, చింతపల్లి, పాడేరు, అరకు మీదుగా విజయనగరం వెళ్లే జాతీయ రహదారిని వెడల్పు చేస్తున్నారు. అది పూర్తి కావాలి, దాని నుంచి పల్లెపల్లెకీ పిల్లదారులు పడాలి. కానీ ఆ అబ్బాయి "డోలీకి ఎవరూ రామనరు" అన్నప్పుడు నాకు మా సెల్లార్ గుర్తొచ్చింది. మా అపార్ట్‌మెంట్లో అర్ధరాత్రి ఎవరికైనా గుండెనొప్పి వస్తే అంబులెన్సు వస్తుంది. లిఫ్టు ఉంది, స్ట్రెచర్ ఉంది. ఎవరి భుజమూ అక్కర్లేదు. మూడో అంతస్తులో పెద్దాయన పోయిన సంగతి నాకు నాలుగోనాడు నోటీసు బోర్డు మీద తెలిసింది. రోడ్డు వచ్చినప్పుడు భుజాలు కూడా వెళ్లిపోవాలని ఎక్కడుంది? మాకు వెళ్లిపోయాయి. ఎందుకో, ఎప్పుడో, ఏ రోజునో మాకు తెలీదు.

"ఇప్పుడు కుర్రాళ్లంతా ఫైనాన్సులో బైకులు తీసుకుంటన్నారు" అన్నాడు అతను, నేను దిగబోతుంటే. "ఆటో నిండ్డానికి ఇదివరకు పది నిమిషాలు చాలీది."

సోమవారం ఆఫీసుంది. మధ్యాహ్నం కొండ దిగడం మొదలుపెట్టాను. అద్దాలు దించాను. బ్యాగు వెనకే ఉంచాను. దారిలో ఎవరూ చెయ్యెత్తలేదు. నేనే రెండుచోట్ల ఆపి అడిగాను. ఒకాయన నవ్వి, ఇక్కడికేనమ్మా, నడిచిపోతానన్నాడు. ఒక నడివయసు మనిషి నా కారుని, నన్ను, ఖాళీ సీట్లని చూసి, వద్దన్నట్టు తల అడ్డంగా ఊపి గబగబా పక్కకి తప్పుకుంది. పట్నం కారు ఆగి ఎక్కమంటే భయపడాలని ఆమెకీ ఎవరో చెప్పి ఉంటారు. చెక్‌పోస్టు దగ్గర డిక్కీ తీసి చూపించమన్నారు. పసుపు, అల్లం, ఒక గుమ్మడికాయ. "ఒక్కరేనా మేడమ్?" అన్నాడు కానిస్టేబుల్. ఔనన్నాను.

ఆ రాత్రి సెల్లార్లో కారు పెట్టాక వాచ్‌మన్ గది వైపు వెళ్లాను. తలుపు తీసే ఉంది. లోపల టీవీ, ఇద్దరు పిల్లలు. గుమ్మడికాయ ఇచ్చాను. అతని భార్య బయటికొచ్చి తీసుకుంది. ఎనిమిదేళ్లుగా అక్కడున్న మనిషి. "మీది ఏ ఊరమ్మా?" అని అడిగాను. ఆమె ముందు కంగారుపడింది, ఏదైనా తప్పు జరిగిందేమోనని. తర్వాత చెప్పింది. మెరకముడిదాం దగ్గర.

మంగళవారం పొద్దున ఎండాడ ఆవిడకి ఫోన్ చేశాను. రేపట్నుంచి కారు తియ్యకు, నేనొస్తానన్నాను. ఆవిడ చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. సాయంత్రాలు డాన్సు క్లాసు నుంచి మనవరాల్ని తీసుకురావాలంది. అలవాటు తప్పిపోయిందంది. ఈమధ్య ఒక్కదాన్నే కారులో ఏడ్చుకోవడం కూడా అలవాటైందంది, నవ్వుతూ. ఆవిడ నవ్వు తగ్గేదాకా ఆగాను. చివరికి గురువారాలు మాత్రం వస్తానంది.

గురువారం ఎనిమిదింబావుకి ఎండాడ దగ్గర బండి పక్కకి తీశాను. ఆవిడ చేతిలో పాత స్టీలు డబ్బా. చేపల పులుసే, వాసనొస్తోంది. కూర్చుంది, తలుపేసింది, బెల్టు సంగతి మర్చిపోయింది. కారు కూతపెట్టింది. "ఏమిటే ఈ గోల" అంది డబ్బా ఒళ్లో సర్దుకుంటూ. అద్దం కింద యాభై రూపాయల నోటు గాలికి రెపరెపలాడుతోంది. "ఆ నోటు ఎవరిదీ?" అంది. చెప్తానుండు అని, బెల్టు లాగి ఆవిడ చేతికిచ్చాను.